సుంకవ్వా, పక్కకు జరుగు

వినేవాళ్లు దొరికారు గనక చెబుతున్నాను. అనగా అనగా, ఎప్పుడో, ఆ ఎప్పుడు ఎప్పుడో ఎవరూ చెప్పలేనంత వెనక, ఒక కొండ వాలున మెట్లకొండ అని ఒక ఊరుండేది.

ఊరు మెట్లు మెట్లుగా ఉండేది. పైన ఒక వీధి, నడుమ ఒక వీధి, కింద ఒక వీధి. పై వీధిలో భూములున్నవాళ్లు. నడిమి వీధిలో మగ్గాలున్నవాళ్లు. కింది వీధిలో రెండు చేతులు తప్ప ఏమీ లేనివాళ్లు. వాళ్ల పెళ్లిళ్లు వేరు, పండుగలు వేరు, కూర్చునే అరుగులు వేరు. మురుగు మాత్రం ఒకటే.

అదెట్లాగంటే, ప్రతి ఇంటి పెరట్లోనూ గిన్నెలు తోముకోవడానికి, స్నానాలకు ఒక బండ ఉండేది. బండ మూలన చిల్లు. దాన్ని తూము అనేవాళ్లు. తూములో పోసిన నీళ్లు నేల కిందికి దిగేవి. అక్కడ మూడు వీధుల కిందుగా, పై నుంచి కింది దాకా, రాళ్లతో కట్టిన ఒక కాలువ. దాన్ని నేలకాలువ అనేవాళ్లు. ఊళ్లోని వాడిన నీళ్లన్నీ ఆ కాలువలో కలిసి, కింది వీధి దాటాక తుంగ మొలిచిన ఒక పల్లంలోకి వెళ్లేవి.

ఆ నేలకాలువ కట్టిందెవరో ఎవరికీ తెలియదు. గుళ్లు కట్టించినవాళ్ల పేర్లు రాళ్ల మీద ఉంటాయి. కోటలు కట్టించినవాళ్ల పేర్లూ ఉంటాయి. మురుగు కాలువ కట్టినవాడి పేరు ఏ రాతి మీదా ఉండగా నేను చూడలేదు. వాడు లేకపోతే ఆ గుళ్ల ముందు నిలబడి దండం పెట్టుకోగలిగేవాళ్లమా? సరే, కథలోకి వస్తాను.

కాలువ కట్టినవాడు పోయాడు. కాలువ మిగిలింది. కాలువ మిగిలితే పూడిక కూడా మిగులుతుంది. అన్నం వార్చిన గంజి తూములో పోస్తారు. వేడిగా ఉన్నప్పుడు అది నీళ్లలాగే జారుతుంది. లోపల చల్లబడ్డాక జిగురవుతుంది. ఆ జిగురుకి గిన్నెల జిడ్డు అంటుకుంటుంది. ఆ జిడ్డుకి తలంటు పోసుకున్న జుట్టు చుట్టుకుంటుంది. అంతే. ఇక దాన్ని కదిలించాలంటే మనిషి దిగాలి.

ఆ దిగే మనిషి పేరు సుంకమ్మ.

సుంకమ్మ సన్నగా ఉండేది. ఆమె తల్లీ సన్నగా ఉండేది. తల్లి తల్లీ సన్నగానే ఉండేదట. నేలకాలువలో మోచేతుల మీద పాకాలంటే అంత సన్నగానూ ఉండాలి. కాలువ నోటి దగ్గర, తుంగ పక్కన, ఆమె గుడిసె. మొగుడు లేడు. పిల్లలు లేరు. కోతలప్పుడు ఊళ్లోవాళ్లు ఇంత ధాన్యం గుడిసె ముందు గంపలో పోసి పోయేవాళ్లు. ఆమె బయటికొచ్చేసరికి పోసినవాళ్లు వెళ్లిపోయి ఉండేవాళ్లు.

ఆమె పని ఇట్లా ఉండేది. ఒక పొడుగాటి వెదురు బద్ద, దాని చివర ఇనప కొక్కెం. అది పట్టుకుని కింది నోట్లోంచి దూరి, పైకి పాకుతూ పోయేది. లోపల చీకటి. పైన తూము ఉన్నచోట మాత్రం చారెడు వెలుగు. ప్రతి తూము కిందా ఆగి, కొక్కెంతో రాతి మీద మూడు దెబ్బలు కొట్టేది. టక్, టక్, టక్. అంటే, కింద నేనున్నాను, ఇప్పుడు పోయొద్దు అని.

పైనున్నవాళ్లకు ఆ దెబ్బలు వినిపించేవి. కానీ ఎవరూ పలికేవాళ్లు కాదు.

ఎందుకు పలకరంటారా? మెట్లకొండలో ఒక నమ్మకం ఉండేది. ఇంట్లో లక్ష్మి ఉంటే తూములో జ్యేష్ఠమ్మ ఉంటుందని, తూము దగ్గర ఎవరైనా నోరు తెరిస్తే తననే పిలిచారనుకుని ఆమె ఇంట్లోకి వచ్చి కూర్చుంటుందని. ఆమె వస్తే దరిద్రం వస్తుంది, జబ్బు వస్తుంది, చావు వస్తుంది. అందుకని ఆ ఊరి ఆడవాళ్లు ఎంత గలగలా మాట్లాడుతున్నా తూము దగ్గరికి రాగానే పెదాలు బిగించేవాళ్లు. పసిపిల్లలకు నడక కంటే ముందు అక్కడ గమ్మునుండడం నేర్పేవాళ్లు.

మూడు దెబ్బలు కొట్టి సుంకమ్మ ఆగేది. పైన విన్నారో లేదో తెలియదు. ఆపారో లేదో తెలియదు. కాసేపు చూసి ముందుకు పాకేది. ఒక్కోసారి చల్లనీళ్లు పడేవి. ఒక్కోసారి కుంకుడురసం పడి కళ్లు మండేవి. ఒకరోజు మాత్రం గంజి పడింది. పొయ్యి మీంచి దించీ దించగానే వార్చిన గంజి. మరిగే నీళ్లయితే పడి జారిపోతాయి. గంజి జారదు. అంటుకుని కాలుస్తూనే ఉంటుంది. ఆమె కుడి భుజం చర్మం బొబ్బలా లేచింది.

భుజం మానాక సుంకమ్మ ఒక నిశ్చయానికి వచ్చింది. పట్టపగలు, తల దువ్వుకుని, ఉతికిన చీర కట్టుకుని, అడగడానికి ఊళ్లోకి బయలుదేరింది.

మొదట పై వీధికి పోయింది. ఆ వీధికంతటికీ పెద్దావిడ కోనమ్మ. పెరటి గోడకి పిడకలు కొడుతూ ఉంది. సుంకమ్మ గోడకి ఇవతల దూరంగా నిలబడింది.

"అమ్మా, పోసేముందు ఒక్క కేక వేస్తే చాలు. సుంకీ, పక్కకు జరుగు అనండి. జరుగుతాను."

కోనమ్మ తిరిగి చూడలేదు. పిడక కొడుతూనే అన్నది. "తూము కాడ నోరు తెరవమంటావా? జ్యేష్ఠమ్మకు నా ఇంట్లో పీట వేయమంటావా?"

"జ్యేష్ఠమ్మ కాదమ్మా, కింద ఉండేది నేను."

"నువ్వున్నా ఆమె ఉన్నా, నాకు చప్పుడొచ్చేది తూములోంచే గదా! ఎవరని తెలుసుకునేది? పో, పో."

తర్వాత నడిమి వీధికి పోయింది. అక్కడ సాలె రుక్కమ్మ నలుగురాడవాళ్ల మధ్య కూర్చుని దారం తోడుతూ ఉంది. రుక్కమ్మకు మాటకొక నవ్వు.

"ఒక్క కేకేనా మే? పాట గూడా పాడతా. మా అత్త ఒప్పుకోవాల గదా!"

"మీ అత్త యాడుందమ్మా? అడుగుతాను."

"పోయి శానా ఏండ్లాయె. పోయి అడిగి రా."

ఆడవాళ్లందరూ పగలబడి నవ్వారు. సుంకమ్మ కూడా నవ్వబోయింది. నవ్వవచ్చో లేదో తెలియక ఆగిపోయింది.

చివరికి కింది వీధికి పోయింది. అక్కడ భీమక్క ఉంది. ఆమెకు పినతల్లి కూతురు. చిన్నప్పుడు ఇద్దరూ ఒకే కంచంలో తిన్నారు. భీమక్క మాత్రం ఆమెను చూసి లేచి నిలబడింది. నీళ్లివ్వబోయి, అటూ ఇటూ చూసి, చెంబు మళ్లీ కింద పెట్టింది.

"అక్కా, వాళ్లకంటే ఉంది. కొంచెం పోయినా మిగులుతుంది. మాకుండేదే ఇంత. ఇదీ పోగొట్టుకోమంటావా?"

పై వీధి మాట నొప్పి పుట్టించలేదు. నడిమి వీధి నవ్వు నొప్పి పుట్టించలేదు. భీమక్క చెంబు కింద పెట్టడం నొప్పి పుట్టించింది.

ఆ రోజు నుంచి సుంకమ్మ ఎవరినీ అడగలేదు. పని మాత్రం మానలేదు. అప్పుడప్పుడు సాయంకాలం గుడిసె గుంజ మీద తనే కొక్కెంతో మూడుసార్లు కొట్టి, "ఎవరది?" అని తనే అడిగేదట. "నేనే" అని తనే చెప్పేదట. ఇది ఎవరు చూశారు, ఎవరు చెప్పారు అని నన్నడగొద్దు. నాకు చెప్పినవాళ్లు ఇట్లాగే చెప్పారు.

కొన్నాళ్లకు కోనమ్మ కొడుక్కి పెళ్లయింది. కోడలి పేరు చెన్నక్క. దూరాన, మైదానంలో ఎక్కడో ఒక పల్లె ఆమెది. ఆ పల్లెలో తూములూ లేవు, నేలకాలువలూ లేవు. వాడిన నీళ్లు అరటిచెట్లకు పోయేవి. కాబట్టి తూము దగ్గర నోరు తెరవకూడదన్న సంగతి ఆ పిల్లకు తెలియదు. మెట్లకొండలో అందరికీ తెలిసిన విషయమే గనక, చెప్పాలన్న ఆలోచన ఎవరికీ రాలేదు.

కొత్తల్లో ఒక పొద్దున చెన్నక్క గిన్నెలు ముందేసుకుని బండ మీద కూర్చుంది. పుట్టిల్లు గుర్తొచ్చి ముక్కు ఎగబీల్చుకుంటూ ఉంది. కింద నుంచి చప్పుడు. టక్, టక్, టక్.

చెన్నక్క తూము మీదకి వంగింది. "ఎవరది?"

కింద సుంకమ్మ చేతిలోంచి కొక్కెం జారింది. చీకట్లో దానికోసం తడుముకుంది.

"ఎవరంటే పలకరే?"

"నే... నేను."

"నేనంటే?"

"సుంకిని."

"సుంకవ్వా! అక్కడేం చేస్తాండావు? బావిలో పడినావా?"

"యాడా పడలేదు తల్లీ. మీ ఇంటి గంజి తీస్తాండా."

"లోపలికెట్లా పోయినావు?"

"కింది నుంచి పాక్కుంటా."

"పాములుండవా?"

"ఉంటాయి. అవీ పలకవు."

చెన్నక్క కిసుక్కున నవ్వింది. కింద కూడా ఏదో చప్పుడైంది. సుంకమ్మ నవ్వితే ఎట్లా ఉంటుందో సుంకమ్మకే జ్ఞాపకం లేదు.

"సరే అవ్వా, గిన్నె కడిగిన నీళ్లు పోస్తాండా. పక్కకు జరుగు."

"ఆ, జరిగినా. పొయ్యి."

అట్లా మొదలైంది. సుంకమ్మ ఆ ఇంటి కిందికి వచ్చి కొట్టేది. చెన్నక్క వంగి పలికేది. అత్త పొలానికి పోయిన వేళ, మొగుడు నాగలి వెంట ఉన్న వేళ. ఒకరి ముఖం ఒకరికి తెలియదు. ఒకసారి సంతలో ఇద్దరూ ఒకరికొకరు దగ్గరగానే వచ్చారట. చెన్నక్క బెల్లం బేరమాడుతూ ఉంది. సుంకమ్మ ఎవరికీ తగలకుండా గోడవారగా పోతూ ఉంది. రాతి కింద నుంచి వచ్చే గొంతు వేరు, సంతలో గొంతు వేరు. ఇద్దరూ గుర్తుపట్టలేదు.

మాటల్లో మాటగా సుంకమ్మ తనకు తెలిసింది చెప్పింది.

"కాలువకు శత్రువులు ముగ్గురు మే. గంజి, జిడ్డు, జుట్టు. గంజి పశువుల తొట్లో పొయ్యి, అవి సంతోషంగా తాగుతాయి. జిడ్డు గిన్నెను ముందు తవుడుతో తుడిచి, ఆ తవుడు దిబ్బ మీద వెయ్యి. బూడిదతో తోమితే బూడిద లోపలికి పోనీకు, జిడ్డుతో కలిస్తే రాయైపోతాది. తూము నోటికి ఈతపీచు చిక్కం కట్టు. జుట్టు అందులో ఆగిపోతాది, చేత్తో తీసి పారెయ్యొచ్చు."

"చిక్కం కట్టినా నీళ్లు నిలిచిపోతే?"

"నీళ్లు సుడి తిరిగి దిగితే బాగుండాదని. గుడగుడమంటే గొంతు పట్టుకుందని. అప్పుడే వేడినీళ్లు పొయ్యి. నిండా పూడుకునే దాకా చూడొద్దు. కట్టె పెట్టి పొడవనేవద్దు. నువ్వు పొడిస్తే పోదు, ముందుకు పోయి పెద్ద కాలువలో కూచుంటాది."

"వేడినీళ్లు పోస్తే నీకు కాలదా?"

"చెప్పి పోస్తే జరుగుతా గదా" అన్నది సుంకమ్మ.

అన్నీ చెప్పినట్టే చేసింది చెన్నక్క. ఆ ఇంటి తూము ఎన్నడూ గుడగుడమనలేదు. కోడలి పాదం మంచిదని కోనమ్మ వీధంతా చెప్పుకుంది. అదే మురిపెంతో ఉండగా కోడలు నెల తప్పింది. ఇక కోనమ్మ కాలు నేల మీద ఆనలేదు.

అప్పుడొక రోజు కోనమ్మ పొలం నుంచి ముందుగా వచ్చింది. పెరట్లో కోడలు బండ మీద బోర్లా పడుకున్నట్టు వంగి, తూములోకి నవ్వుతూ మాట్లాడుతూ ఉంది.

కోనమ్మ అరవలేదు. అరిస్తే తూములోకి వినబడుతుంది గదా. కోడలి రెక్క పట్టుకుని ఇంట్లోకి లాక్కుపోయి, తలుపు వేసి, అప్పుడు కూలబడి ఏడ్చింది.

కోనమ్మను చెడ్డదనుకోకండి. ఆమె కథ ఆమెకుంది. ఆ ఇంట్లోనే ఆమెకు ఇద్దరు పిల్లలు పుట్టి, పురిటిలోనే పోయారు. కొత్త కోడలుగా ఉన్న రోజుల్లో తను ఆ తూము దగ్గర కూర్చుని పాట పాడింది. అందుకే పోయారని అత్త అన్నది. ఆ మాట కోనమ్మ నమ్మింది. మూడోవాడు కడుపున పడ్డప్పటి నుంచి, వాడే చెన్నక్క మొగుడు, కోనమ్మ తూము దగ్గర గట్టిగా ఊపిరి కూడా తీయలేదు.

"ఒట్టు పెట్టు" అన్నది కోనమ్మ. "నీ కడుపులో బిడ్డ మీద ఒట్టు పెట్టు. మళ్లీ ఆ తూము కాడ నోరు తెరవనని."

"అత్తా, అది జ్యేష్ఠమ్మ కాదు. సుంకవ్వ. పాపం ఒక్కతే..."

"నాకూ తెలుసు సుంకి అని. నేను పాట పాడినప్పుడు గూడా కింద ఎవరూ లేరనే అనుకున్నా. పెట్టు ఒట్టు."

చెన్నక్క ఒట్టు పెట్టింది.

మర్నాడు కింద చప్పుడైంది. టక్, టక్, టక్. చెన్నక్క రెండు చేతులతో నోరు మూసుకుని కూర్చుంది. మళ్లీ కొట్టింది సుంకమ్మ. టక్, టక్, టక్. చారెడు వెలుగులో పైన నీడ కదలడం ఆమెకు కనిపిస్తూనే ఉంది. మనిషి ఉంది. పలకడం లేదు. మూడోసారి మెల్లగా కొట్టింది. టక్, టక్, టక్.

తర్వాత పాకి ముందుకు పోయింది. ఏమీ అడగలేదు. ఎవరినీ అడగడం మానేసిన మనిషి గదా.

ఇట్లా ఉండగా దేవర వచ్చింది. దేవర అంటే ఊరమ్మకు చేసే జాతర. మూడు వీధుల్లోనూ పొట్టేళ్లు తెగాయి. మూడు వీధుల్లోనూ కొవ్వు గిన్నెలు తూముల దగ్గర కడిగారు. మధ్యాహ్నానికి నేలకాలువ మూసుకుపోయింది. పై వీధి నీళ్లు నడిమి వీధిలో ఉబికాయి. నడిమి వీధి నీళ్లు కింది వీధిలో ఉబికాయి. కింది వీధి పెరళ్లు నిండి, వంటిళ్లలోకి, అమ్మకు పెట్టాల్సిన నైవేద్యం దాకా మురుగు పాకింది.

"సుంకి యాడ? సుంకిని దింపండి!"

కింది నుంచి దారి లేక, ఈసారి పై వీధి చివరనున్న నోట్లోంచి సుంకమ్మ దిగింది. ఎవరూ నీళ్లు పోయొద్దని వీధి వీధిన చాటింపు వేశారు. అందరూ సరేనన్నారు.

కానీ పొయ్యిల మీద కుండలున్నాయి. అమ్మకు పెట్టే అన్నం అవి. ఉడికే అన్నం చాటింపు వినదు. అదను దాటితే మెతుకు చితికి ముద్దవుతుంది. ముద్దన్నం అమ్మకు పెట్టరు. పశువుల తొట్లలో పోద్దామంటే జాతర నీళ్లకని అన్నీ కడిగి నింపేసి ఉన్నారు. ఒక్కొక్క ఇంట్లోనూ ఒక్కొక్క ఇల్లాలు అదే అనుకుంది. నాదొక్క కుండే గదా. ఈపాటికి మా ఇల్లు దాటే ఉంటుంది గదా.

కేక వేసి అడిగితే తెలిసిపోయేది. ఎవరూ అడగలేదు.

కోనమ్మ పెరట్లో చెన్నక్క కుండ దించింది. అన్నం జారకుండా సిబ్బి అడ్డం పెట్టి, గుడ్డతో పట్టుకుని, తూము దగ్గరికి తెచ్చింది. కోనమ్మ పక్కనే నిలబడి ఉంది. కుండ వంచబోయే సమయానికి కింద చప్పుడైంది.

టక్, టక్, టక్.

చెన్నక్క అత్త వైపు చూసింది. అత్త కోడలి కడుపు వైపు చూసింది. చెన్నక్క నోరు తెరిచింది. మూసింది. గట్టిగా ఒక్క కేక వేస్తే కిందికీ వినబడేది. గోడకి అవతల పక్కింటికీ, దాని అవతలింటికీ వినబడేది. ఆమె కేక వేయలేదు. కుండను పక్కకు తిప్పి, గంజినంతా పెరటి నేల మీద వార్చేసింది. గంజి చింది తన పాదాల మీదే పడింది. పెదవి కొరుక్కుని నిలబడింది.

అప్పుడు పక్కింట్లో గంజి తూములో పడిన చప్పుడు వినిపించింది. జర్రున. దాని అవతలింట్లో జర్రున. ఎదురింట్లో జర్రున.

కింద నుంచి కేక రాలేదు. పలికే అలవాటు లేని మనిషి.

కొంతసేపటికి నేల కింద పెద్దగా ఉరుము ఉరిమినట్టయింది. కింది వీధి పెరళ్లలో నిలిచిన నీళ్లు సుడి తిరిగి గబగబా దిగిపోయాయి. "పోయింది! పోయింది!" అని పిల్లలు గంతులేశారు. డప్పులు మోగాయి. మూడు వీధులూ నైవేద్యాలెత్తుకుని అమ్మ దగ్గరికి పోయాయి. కాలువ నోటి దగ్గరికి ఒక్కరూ పోలేదు.

ఒక్కరు పోయారు. చెన్నక్క కాలిన పాదాలతో, గోడలు పట్టుకుంటూ, మూడు వీధులూ దిగి పోయింది.

తుంగలో ఒక చిన్న మనిషి వెల్లకిలా పడి ఉంది. చెన్నక్క అనుకున్నదానికంటే చాలా చిన్న మనిషి. కొక్కెం ఇంకా చేతిలోనే ఉంది. భుజాలూ మెడా చూడలేకపోయింది చెన్నక్క.

"అవ్వా!"

ఆ గొంతు విని సుంకమ్మ కళ్లు తెరిచింది. చాలాసేపు చూసింది.

"చెన్నక్కవా? ఇంత చిన్నపిల్లవా నువ్వు?"

"కేక వేయలేదు అవ్వా. వేయలేకపోయినా. ఒట్టు పెట్టించుకున్నారు. బిడ్డ మీద..."

"అట్లనే అనుకున్నా. విసుగొచ్చి మానేసిందేమో అని గూడా అనుకున్నాలే. అబద్ధమెందుకు." సుంకమ్మ కళ్లు పై వీధి వైపు తిప్పింది. "అన్ని తూముల్లో వచ్చింది. నీ తూములో రాలేదు. ఆ రాయి ఒక్కటే చల్లగా ఉండె. దాని కింద కొంచెంసేపు పడుకున్నా."

ఆ మాటతో కళ్లు మూసింది.

చెన్నక్క "అవ్వా" అని పిలిచింది. మళ్లీ పిలిచింది. మూడోసారీ పిలిచింది. పైన జాతర డప్పులు మోగుతూనే ఉన్నాయి.

మర్నాడు కాలువ నోటికి ఎగువన ఆమెను మట్టి చేశారు. భీమక్క ఒక్కతే ఏడ్చింది. మిగతావాళ్లు ఇక కాలువలో ఎవరు దిగుతారని మాట్లాడుకున్నారు.

ఆ పొద్దున చెన్నక్క గిన్నెలు తోమింది. నీళ్ల తపేలా ఎత్తి, తూము మీదకి వంగి, మామూలు గొంతుతో అన్నది. "పోస్తాండా సుంకవ్వా. పక్కకు జరుగు." కాసేపు ఆగింది. తర్వాత పోసింది.

కోనమ్మ పరుగున వచ్చింది. "ఒట్టు! ఒట్టు మరిచినావా?"

"మరవలేదత్తా. నిన్నంతా అదే గుర్తుంది."

"మరి ఎవరితో మాట్లాడతాండావు? చచ్చిపోయింది గదా ఆమె!"

"బతికున్నప్పుడు ఒక్క కేక వేయలేదు. ఇప్పుడు వేస్తాండా. ఏమన్నా అయితే నాకే గానీ అత్తా. ఆ కుండ పట్టుకుని మళ్లీ నోరు మూసుకుని నిలబడడం మాత్రం నాతో కాదు."

కోనమ్మ వెనక్కి తిరిగింది. ఇంట్లోకి పోయి దేవుడి ముందు కూర్చుంది. ఆనాటి నుంచి పురుడయ్యే దాకా కోనమ్మ కడుపునిండా తినలేదంటారు.

ఈలోగా వానలొచ్చాయి. కాలువ మళ్లీ మూసుకుంది. దిగే మనిషి లేదు. పొరుగూళ్లకు కబురు పెట్టారు. జాతరనాటి సంగతి విన్నవాళ్లెవరూ రాలేదు. చేసేది లేక, ఇంటికొక మనిషి వంతుగా దిగాలని పెద్దలు నిర్ణయించారు. పై వీధిలో సన్నగా ఉండేవాడు కోనమ్మ కొడుకు. మొదటి వంతు అతనికే పడింది.

అతను కొక్కెం పట్టుకుని దిగాడు. సుంకమ్మ కొక్కెమే అది. కోనమ్మ పెరట్లో నిలబడింది. చాలాసేపటికి కింద చప్పుడైంది. టక్, టక్, టక్.

ఇన్నేళ్లలో తూము దగ్గర ఊపిరి కూడా గట్టిగా తీయని కోనమ్మ, బండ మీద పడిపోయి, చెంప రాతికి ఆనించి అరిచింది. "నాయనా! ఉన్నావా? పలుకు!"

"ఉన్నానమ్మా."

కోనమ్మ లేచింది. గోడెక్కి పక్కింటికి అరిచింది. "పోయొద్దు మే, మావాడు కింద ఉన్నాడు!" పక్కిల్లు అవతలింటికి అరిచింది. ఆ కేక పై వీధి దాటి, నడిమి వీధిలో రుక్కమ్మ అందుకుని, కింది వీధిలో భీమక్క దాకా పోయింది. ఊరంతా తూముల మీద వంగి ఒకటే కేకలు. తమవాళ్లు కింద ఉంటే గానీ వాళ్లకు నోరు రాలేదు. మనుషులు ఇట్లాగే ఉంటారు. నేను వాళ్లను తిట్టడం లేదు, ఉన్నమాట చెబుతున్నాను.

ఆ తర్వాత చెన్నక్క ఆడపిల్లను కన్నది. బిడ్డ మూడు వీధులూ వినేంత గట్టిగా ఏడ్చింది. ఆ ఏడుపు విన్నాక కోనమ్మ పెరట్లోకి పోయి, తను కొత్త కోడలిగా ఉన్నప్పుడు పాడి ఆపేసిన పాటను, తూము పక్కన కూర్చుని, మొత్తం పాడిందట.

అప్పటి నుంచి మెట్లకొండవాళ్లు గంజి తూములో పోయరు. పశువులకు పోస్తారు. జిడ్డు గిన్నెను తుడవకుండా కడగరు. తూముకు చిక్కం లేకుండా తలంటు పోసుకోరు. వారానికోసారి, శనివారం, కాగిన నీళ్లు ఒక బిందెడు తూములో పోస్తారు. కూతురిని అత్తారింటికి పంపేటప్పుడు తల్లి సారెలో ఒక ఈతపీచు చిక్కం పెడుతుంది. అది చూసి మగపెళ్లివారు నవ్వుతారు. నవ్వనీ అంటారు వీళ్లు.

ఇప్పుడు ఆ ఊళ్లో రాతి కాలువ లేదు. గొట్టాలు వేశారు. అందులో మనిషి కాదు గదా, పిల్లి కూడా దూరదు. పూడుకుంటే యంత్రం తెచ్చి శుభ్రం చేసిపోతారు. వంటింట్లో మెరిసే తొట్టి, దానికొక జల్లెడ మూత. అయినా ఆ ఊరి ఆడవాళ్లు, ఇప్పుడు మగవాళ్లు కూడా, వేడినీళ్ల గిన్నె ఎత్తగానే తొట్టి మీదకి వంగి అంటారు. "సుంకవ్వా, పక్కకు జరుగు."

అని వెంటనే పోయరు. గిన్నె చెయ్యి కాలుస్తున్నా, మోచేతుల మీద పాకే ఒక మనిషి పక్కకు జరగడానికి ఎంతసేపు పడుతుందో, అంతసేపు ఆగుతారు.